డామా ప్రయోగంలో ఏటా కనిపించే హెచ్చుతగ్గు కృష్ణ పదార్థానిదేనా?

ప్రశ్న: నల్గొండ నుంచి ఒక భౌతికశాస్త్ర అధ్యాపకుడు

అందరికీ నమస్కారం. నేను డిగ్రీ మూడో సంవత్సరం విద్యార్థులకు కేంద్రక భౌతికశాస్త్రం బోధిస్తాను. కిందటి వారం తరగతిలో కృష్ణ పదార్థం (వెలుగు ఇవ్వకుండా, గురుత్వాకర్షణ వల్ల మాత్రమే జాడ తెలిసే పదార్థం) ప్రస్తావన వచ్చింది. 1933లో ఫ్రిట్జ్ జ్వికీ కోమా గెలాక్సీల గుంపులో గమనించిన వేగాలతో మొదలుపెట్టి, 1970లో వెరా రూబిన్, కెంట్ ఫోర్డ్ ఆండ్రోమెడా గెలాక్సీ భ్రమణాన్ని కొలిచిన తీరు చెప్పి, విశ్వంలో మామూలు పదార్థానికి ఐదు రెట్లకు పైగా కృష్ణ పదార్థం ఉందని ప్లాంక్ ఉపగ్రహం తేల్చిన లెక్క దాకా వివరించాను. "దాన్ని ఎవరైనా ప్రయోగశాలలో పట్టుకున్నారా సార్?" అని ఒక అమ్మాయి అడిగితే, ఇంతవరకూ లేదని చెప్పాను. మర్నాడు ఆ అమ్మాయే డామా ప్రయోగం గురించి చదువుకొని వచ్చి, ఇటలీలో ఇరవై ఏళ్లకు పైగా కనిపిస్తోందంటున్నారు కదా, మీరు లేదన్నారేమిటని నిలదీసింది.

నాకు తెలిసినంతలో ఆ ప్రయోగం గ్రాన్ సాసో పర్వతం కింది ప్రయోగశాలలో సోడియం అయొడైడ్ స్ఫటికాలతో జరిగింది. 2018లో వారు ప్రకటించిన ఫలితాల్లో సంకేతపు బలం 12.9 సిగ్మాలు (యాదృచ్ఛికంగా వచ్చే తేడాలతో పోలిస్తే సంకేతం ఎంత పెద్దదో చెప్పే కొలత సిగ్మా). 2012లో హిగ్స్ కణాన్ని ఐదు సిగ్మాల దగ్గర కనుగొన్నట్టు ప్రకటిస్తే ప్రపంచమంతా ఒప్పుకుంది. పన్నెండు దాటినా డామాను ఎందుకు ఒప్పుకోవడం లేదు? "మిగతా ప్రయోగాలకు కనిపించలేదు కాబట్టి" అన్న సమాధానం ఎక్కువగా వినిపిస్తుంది గానీ, ఆ మిగతావాటిలో చాలా వరకు జెనాన్, జెర్మేనియం వంటి వేరే పదార్థాలతో చేసినవి. ఒక పదార్థంలో కనిపించినది మరో పదార్థంలో కనిపించలేదని చెప్పి కొట్టివేయడం న్యాయమేనా? ఆ అమ్మాయికి చెప్పదగిన సమాధానం కావాలి.

సమాధానం 1: ద్రవ జెనాన్ శోధకాలపై పని చేసిన పరిశోధకురాలు

మాస్టారూ, నేను కొన్నేళ్లు ద్రవ జెనాన్ శోధకంపై పని చేశాను. అంటే డామా ఫలితంతో విభేదించిన పక్షానికి చెందినదాన్ని; ఆ సంగతి ముందే చెప్పుకోవడం మంచిది. మీ విద్యార్థిని అడిగినది చాలా సరైన ప్రశ్న. దానికి తొందరపడి సమాధానం చెప్పకూడదు.

ముందుగా ఆ ప్రయోగం దేనికోసం ఎదురుచూసిందో చూద్దాం. కృష్ణ పదార్థ కణాలు మన పాలపుంతను ఒక పెద్ద మబ్బులా కమ్ముకొని ఉన్నాయనీ, ఆ మబ్బు మొత్తంగా ఒక దిక్కుకు తిరగడం లేదనీ అనుకుందాం. గెలాక్సీ కేంద్రం చుట్టూ సెకనుకు సుమారు 230 కిలోమీటర్ల వేగంతో పోతున్న సూర్యుడికి ఆ కణాలు ఎదురుగాలిలా తగులుతాయి. గాలి కదలని రోజున సైకిలు తొక్కినా ముఖానికి గాలి కొట్టడం లాంటిదే ఇది. ఆ గాలి హంస నక్షత్రమండలం వైపు నుంచి వస్తున్నట్టు ఉంటుంది. భూమి సూర్యుడి చుట్టూ సెకనుకు 30 కిలోమీటర్ల వేగంతో తిరుగుతున్నా, దాని కక్ష్యాతలం ఆ దిక్కుకు దాదాపు 60 డిగ్రీల వాలులో ఉండటం వల్ల, అందులో సగం వేగమే ఈ ఎదురుగాలికి కలవడమో తగ్గడమో జరుగుతుంది. జూన్ 2 ప్రాంతంలో గరిష్ఠంగా కలుస్తుంది, డిసెంబరు మొదట్లో గరిష్ఠంగా తగ్గుతుంది. కాబట్టి శోధకంలో నమోదయ్యే తాకిడుల సంఖ్య కూడా ఏటా ఒకే లయలో పెరిగి తగ్గాలి. ఈ ఆలోచనను 1986లో ద్రుకియర్, ఫ్రీస్, స్పెర్గెల్ ప్రతిపాదించారు.

కృష్ణ పదార్థ కణం ప్రోటాను కంటే వంద రెట్లు బరువైనదని అనుకుంటే, మన బొటనవేలి గోరంత చోటులోంచి సెకనుకు సుమారు డెబ్బై వేల కణాలు దూసుకుపోతూ ఉండాలి. వాటిలో ఎప్పుడో ఒకటి ఒక కేంద్రకాన్ని తాకితే, ఆ కేంద్రకం కొద్దిగా కదిలి, సోడియం అయొడైడ్ స్ఫటికంలో అతి చిన్న మెరుపు పుడుతుంది. డామా బృందం ఒక్కొక్కటి 9.7 కిలోల స్ఫటికాలు 25 పేర్చి, అతి మసక వెలుగును కూడా పట్టే ఫోటోమల్టిప్లయర్ గొట్టాలతో ఆ మెరుపులను లెక్కపెట్టింది. 2 నుంచి 6 కిలో ఎలక్ట్రాన్ వోల్టుల శక్తి ఉన్న మెరుపుల సంఖ్య ఏటా మే చివర, జూన్ మొదట్లో పెరిగి, ఆరు నెలల తర్వాత తగ్గుతూ వచ్చింది. మొత్తం మెరుపులతో పోలిస్తే ఆ తేడా నూటికి ఒకటి మాత్రమే.

ఇప్పుడు మీ సిగ్మాల ప్రశ్నకు వస్తాను. 12.9 సిగ్మాలు చెప్పేది ఒక్కటే: ఆ హెచ్చుతగ్గు యాదృచ్ఛికం కాదు, నిజంగా ఉంది. దీన్ని నాకు తెలిసిన వారెవరూ కాదనలేదు. అయితే ఆ హెచ్చుతగ్గుకు కారణమేమిటో సిగ్మా చెప్పలేదు. హిగ్స్ విషయంలో ఒక నిర్దిష్టమైన ద్రవ్యరాశి దగ్గర, సిద్ధాంతం ముందే చెప్పిన మార్గాల్లో, ఒకే సొరంగంలో ఉన్నా వేర్వేరుగా నిర్మించిన రెండు శోధకాలలో ఒకే సంకేతం వచ్చింది. ఇక్కడ ఒకే ఒక చోట, ఒకే పరికరంలో, ఏడాదికోసారి తిరిగి వచ్చే లయ కనిపించింది. భూమ్మీద ఏడాదికోసారి తిరిగి వచ్చేవి ఎన్ని లేవు! ఉష్ణోగ్రత మారుతుంది, గాలిలో తేమ మారుతుంది, రాళ్లలోంచి వెలువడే రేడాన్ వాయువు మారుతుంది. చివరికి 1,400 మీటర్ల రాతి కింద ఉన్న గ్రాన్ సాసోలో కూడా విశ్వకిరణాల వల్ల పుట్టే మ్యూవాన్లనే కణాల సంఖ్య ఎండాకాలంలో ఒకటిన్నర శాతం మేర పెరుగుతుంది. ఎందుకంటే పైనున్న వాతావరణం వేడెక్కి పలుచబడినప్పుడు, విశ్వకిరణాలు గాలిని తాకినప్పుడు ముందుగా పుట్టే పయాన్లనే కణాలు మరో కేంద్రకాన్ని ఢీకొనేలోపే మ్యూవాన్లుగా క్షయమయ్యే అవకాశం పెరుగుతుంది.

డామా బృందం ఇవన్నీ పట్టించుకోలేదని మాత్రం అనుకోవద్దు. వారి శోధకం శుద్ధమైన నైట్రోజన్ నింపిన రాగి పెట్టెలో మూసి ఉంటుంది కాబట్టి రేడాన్ చొరబడటం కష్టం. మ్యూవాన్ల గరిష్ఠం జూలై మొదటి వారం దరిదాపుల్లో వస్తుంది, వారి గరిష్ఠం దానికి నెల ముందే వస్తుంది. పైగా హెచ్చుతగ్గు ఒక్క స్ఫటికంలో మాత్రమే మెరిసిన సంఘటనల్లో ఉంది తప్ప, ఒకేసారి రెండు మూడు స్ఫటికాలు మెరిసిన వాటిలో లేదు. 6 కిలో ఎలక్ట్రాన్ వోల్టుల పైన కూడా లేదు. కృష్ణ పదార్థ కణం ఒకే ప్రయాణంలో రెండుసార్లు తాకడం దాదాపు అసంభవం కాబట్టి, ఇది వారి వాదనకు బలమైన ఆధారం. అందుకే ఆ ఫలితం ఇన్నేళ్లు అందరినీ తొలిచింది.

వేరే పదార్థంతో వచ్చిన ఫలితాన్ని బట్టి డామాను కొట్టివేయడం న్యాయం కాదన్న మీ మాటలో నిజముంది. కణం కేంద్రకాన్ని కాకుండా ఎలక్ట్రాన్లను తాకుతోందేమో, లేదా సోడియం వంటి తేలిక కేంద్రకాలనే ఎక్కువగా తాకుతోందేమో అని వాదించవచ్చు. ఎలక్ట్రాన్ల వాదాన్ని జెనాన్-100 అనే ద్రవ జెనాన్ ప్రయోగపు బృందం 2015లో తమ దత్తాంశంతో పరీక్షించి, అది నిలవదని చూపింది. అయినా ప్రతి వాదానికీ ఒక కొత్త మినహాయింపు పుట్టుకొస్తూనే ఉంటుంది. దీనికి ఒకటే దారి: అదే సోడియం అయొడైడ్‌తో, మరో చోట, మరొకరు చేసి చూడాలి.

అదే జరిగింది. స్పెయిన్, ఫ్రాన్సు సరిహద్దులోని పిరెనీస్ పర్వతాల కింద కాన్ఫ్రాంక్ ప్రయోగశాలలో అనైస్ అనే ప్రయోగం 112.5 కిలోల స్ఫటికాలతో 2017 ఆగస్టులో మొదలైంది. దక్షిణ కొరియాలో యాంగ్‌యాంగ్ జలవిద్యుత్కేంద్రపు భూగర్భంలో కొసైన్-100 ప్రయోగం 106 కిలోల స్ఫటికాలతో 2016 నుంచి 2023 వరకు నడిచింది. రెండింటిలోనూ డామా చెప్పిన హెచ్చుతగ్గు కనిపించలేదు. ఆరేళ్ల దత్తాంశంతో అనైస్ ఫలితం డామా ఫలితంతో సుమారు నాలుగు సిగ్మాల మేర విభేదిస్తోంది. కొసైన్ పూర్తి దత్తాంశం మూడు సిగ్మాలకు మించి విభేదిస్తోంది. ఇదీ నేను మీ విద్యార్థినికి చెప్పే సమాధానం.

సమాధానం 2: పరమాణు భౌతికశాస్త్రంలో పరిశోధక విద్యార్థి, హైదరాబాద్

పై సమాధానం చాలా చక్కగా ఉంది మేడమ్. అయితే "అదే పదార్థం" అన్న మాట దగ్గర కొంచెం ఆగాలని నాకు అనిపిస్తోంది. సోడియం అయొడైడ్ అనే పేరు ఒకటే అయినా స్ఫటికాలు ఒకటి కావు. డామా స్ఫటికాలంత శుద్ధమైనవి అనైస్‌కు గానీ కొసైన్‌కు గానీ దొరకలేదు. ఆ రెండింటిలో నేపథ్య సంఘటనలు (రేడియోధార్మిక కల్తీల వంటి మామూలు కారణాల వల్ల వచ్చే మెరుపులు) డామా కంటే రెండు మూడు రెట్లు ఎక్కువ. నూటికి ఒకటి తేడాను వెతికేటప్పుడు ఈ విషయం చిన్నది కాదు. ముఖ్యంగా స్ఫటికంలో కల్తీగా మిగిలిపోయే పొటాషియం-40 పెద్ద చిక్కు. అది క్షయమైనప్పుడు 1,461 కిలో ఎలక్ట్రాన్ వోల్టుల గామా కిరణం స్ఫటికం దాటి తప్పించుకుంటే, లోపల మిగిలేది 3.2 కిలో ఎలక్ట్రాన్ వోల్టుల చిన్న మెరుపు. అంటే సరిగ్గా మనం వెతికే 2 నుంచి 6 శక్తి కిటికీ మధ్యలో వచ్చి కూర్చుంటుంది.

రెండో సంగతి, కదిలిన కేంద్రకపు శక్తిలో ఎంత భాగం వెలుగుగా మారుతుందన్నది. ఒకే శక్తితో ఎలక్ట్రాను కదిలితే వచ్చే వెలుగు కంటే కేంద్రకం కదిలితే వచ్చే వెలుగు చాలా తక్కువ. డామా బృందం సోడియంకు ఈ నిష్పత్తి 0.3 అని తీసుకుంది. తర్వాత ఇతరులు కొలిచిన విలువలు అంతకంటే తక్కువగా ఉన్నాయి. ఈ నిష్పత్తి నిజంగానే స్ఫటికాన్ని బట్టి మారుతుంటే, డామాలో 2 నుంచి 6 మధ్య కనిపించినది మరో స్ఫటికంలో ఇంకా కింది శక్తి దగ్గర కనిపించాలి. కాబట్టి కిటికీని కిటికీతో నేరుగా పోల్చడం సరిపోతుందా?

సమాధానం 3: గణాంకశాస్త్రం బోధించే వారు, విశాఖపట్నం

నేను భౌతికశాస్త్రజ్ఞుణ్ని కాను గానీ, ఈ వివాదంలో నన్ను ఎక్కువగా ఆకర్షించినది దత్తాంశాన్ని విశ్లేషించిన పద్ధతి. డామా బృందం ప్రతి ఏడాది దత్తాంశం నుంచి ఆ ఏడాది సగటును తీసివేసి, మిగిలిన దానిలో లయను వెతికింది. నేపథ్యం ఎప్పుడూ ఒకే స్థాయిలో ఉంటే ఇందులో తప్పు లేదు. అది ఏళ్ల తరబడి నెమ్మదిగా పెరుగుతూ పోతుంటే మాత్రం, ఏడాదికోసారి సగటు తీసివేసినప్పుడు మిగిలేది రంపపు పళ్ల ఆకారం. కొలతల్లో సహజంగా ఉండే అస్థిరతతో కలిసినప్పుడు ఆ రంపపు పళ్లు ఏడాది లయలా కనిపించగలవని 2020లో కొందరు సిద్ధాంతకర్తలు ఎత్తిచూపారు. కొసైన్ బృందం తమ దత్తాంశానికి అదే పద్ధతిని వర్తింపజేస్తే ఏడాది లయ ఒకటి నిజంగానే పుట్టింది. అయితే వారి నేపథ్యం కాలంతో తగ్గుతోంది కాబట్టి, ఆ లయ డామాకు సరిగ్గా వ్యతిరేక దిశలో వచ్చింది.

ఇది డామా తప్పని నిరూపించదు. డామాలో నేపథ్యం పెరుగుతోందని చెప్పడానికి వారి పూర్తి దత్తాంశం ఇతరుల చేతికి రావాలి, అది రాలేదు. ఒక గణాంక అధ్యాపకుడిగా నాకు బాధ కలిగించేది ఇదే. స్ఫటికాల గురించి ఎన్నేళ్లైనా వాదించుకోవచ్చు. ముడి దత్తాంశం బయట పెట్టి ఉంటే ఈ ఒక్క ప్రశ్న కొన్ని వారాల్లో తేలిపోయేది.

సమాధానం 1 రాసిన వారి నుంచి

హైదరాబాద్ తమ్ముడు లేవనెత్తిన రెండు అభ్యంతరాలూ సరైనవే. నేపథ్యం ఎక్కువగా ఉన్నందుకే ఆ రెండు ప్రయోగాలు అన్నేళ్లు నడవాల్సి వచ్చింది. ఏళ్లు పెరిగే కొద్దీ ఆ లోటు తీరుతుంది. వెలుగు నిష్పత్తి విషయానికి వస్తే, కొసైన్ బృందం తన తుది విశ్లేషణలో ఎలక్ట్రాన్ శక్తి లెక్కలోనే కాక, కేంద్రక శక్తి లెక్కలోకి మార్చి కూడా డామాతో పోల్చింది. అప్పుడూ విభేదమే వచ్చింది. స్ఫటికానికీ స్ఫటికానికీ ఆ నిష్పత్తి ఎంత మారుతుందన్న కొలతలు ఇంకా సాగుతున్నాయి, ఆ మేరకు తలుపు సన్నగా తెరిచే ఉంది.

మా పక్షంలో జరిగిన ఒక సంగతి కూడా చెప్పాలి, లేకపోతే డామా వారినే వేలెత్తి చూపినట్టు అవుతుంది. 2020 జూన్‌లో జెనాన్-1టి బృందం తమ శోధకంలో 1 నుంచి 7 కిలో ఎలక్ట్రాన్ వోల్టుల మధ్య 232 సంఘటనలు రావాల్సి ఉండగా 285 వచ్చాయని ప్రకటించింది. సూర్యుడి నుంచి వచ్చే యాక్సియాన్లు (ఇంకా ఎవరూ చూడని ఊహా కణాలు) అనుకుంటే లెక్క మూడున్నర సిగ్మాల బలంతో సరిపోయింది. ఆ వేసవిలో దాని మీద ఎన్ని సిద్ధాంత పత్రాలు వచ్చాయో చెప్పలేను. ద్రవ జెనాన్‌లో కొద్దిపాటి ట్రిటియం (రేడియోధార్మిక హైడ్రోజన్) కలిసి ఉన్నా అంతే మెరుపులు వస్తాయని ఆ బృందమే అదే పత్రంలో రాసింది. ఎన్ని ట్రిటియం పరమాణువులు చాలునంటే, ఒక్కో కిలో జెనాన్‌కు వేళ్ల మీద లెక్కపెట్టగలిగినన్ని! ఆ తర్వాత అదే గ్రాన్ సాసోలో, నేపథ్యాన్ని ఐదు రెట్లు తగ్గించిన జెనాన్-ఎన్‌టి అనే పెద్ద శోధకంతో మళ్లీ చూశారు. 2022లో ఫలితాలు వచ్చాయి. ఆ అదనపు సంఘటనలు లేవు.

రెండేళ్ల పాటు రోజూ మాట్లాడుకున్న సంకేతం ఒక గీతలో మాయమవడం చూసిన రోజు నాకు ఇప్పటికీ గుర్తుంది. నిరాశ కలిగింది, అయినా ఆ గీతను నేను నమ్మాను, ఎందుకంటే దాని వెనక ఒక్కో రేడాన్ పరమాణువును వేరు చేయడానికి స్వేదన స్తంభం దగ్గర రాత్రుళ్లు కూర్చున్న వారు నాకు తెలుసు.

సమాధానం 4: బెంగళూరు నుంచి, కోలార్ గనుల కుటుంబానికి చెందిన పాఠకుడు

మా తాతగారు కోలార్ బంగారు గనుల్లో పని చేశారు. అక్కడ మా వంటి తెలుగు కుటుంబాలు చాలా ఉండేవి. గని లోపల శాస్త్రవేత్తలు ఏవో పెట్టెలు పెట్టుకొని ఎదురుచూసేవారని మా ఇంట్లో చెప్పుకొనేవారు. పెద్దయ్యాక చదివితే తెలిసింది, ఆ గనిలో రెండు కిలోమీటర్లకు పైగా లోతున టాటా మౌలిక పరిశోధన సంస్థ, జపాన్‌లోని ఒసాకా, ఇంగ్లండ్‌లోని డరమ్ విశ్వవిద్యాలయాలతో కలిసి 1965లో వాతావరణ న్యూట్రినోలను (విశ్వకిరణాలు గాలిని తాకినప్పుడు పుట్టి, రాతిని కూడా దాటి వచ్చే కణాలను) నమోదు చేసిందని. దాదాపు అదే సమయంలో దక్షిణాఫ్రికాలో మరో బంగారు గనిలోనూ నమోదు కావడంతో ఆ ఫలితం వెంటనే స్థిరపడింది.

ఈ చర్చకు నేరుగా సంబంధించినది మరొకటి ఉంది. 1975లో కోలార్ బృందం కొన్ని విచిత్రమైన సంఘటనలను ప్రచురించింది. రాతిలో కాక, శోధకానికీ గోడకూ మధ్యనున్న ఖాళీలో ఏదో కణం విచ్ఛిన్నమై రెండు మూడు జాడలు ఒకే బిందువు నుంచి బయలుదేరినట్టు అవి కనిపించాయి. అప్పటికి తెలిసిన ఏ కణంతోనూ సరిపోలేదు. ఆ తర్వాత మరెక్కడా అవి మళ్లీ కనిపించలేదు. 2014లో జి. రాజశేఖరన్, ఎం. వి. ఎన్. మూర్తి 'ప్రమాణ' అనే భౌతికశాస్త్ర పత్రికలో, అవి కృష్ణ పదార్థ కణాల క్షయం కావచ్చునేమో అన్న ప్రశ్నను మళ్లీ ముందుకు తెచ్చారు. గని 2001లో మూతపడింది కాబట్టి అక్కడే చేసి చూసే వీలు లేదు. ఇప్పుడు మన దేశంలో కృష్ణ పదార్థం కోసం వెతుకుతున్నది జార్ఖండ్‌లోని జాదుగూడ యురేనియం గనిలో, 555 మీటర్ల లోతున సాహా కేంద్రక భౌతికశాస్త్ర సంస్థ నడిపే ప్రయోగశాల. డామా కథ చదివినప్పుడల్లా నాకు కోలార్ సంఘటనలే గుర్తుకు వస్తాయి. చూసినవారు నిజాయితీపరులే, చూసినది నిజమే కావచ్చు, రెండో చోట మాత్రం కనిపించలేదు.

ప్రశ్న అడిగిన వారి నుంచి

అందరికీ హృదయపూర్వక ధన్యవాదాలు. ఈ రోజు తరగతిలో ఇవన్నీ చెప్పాను, కోలార్ సంగతి విన్నప్పుడు పిల్లలు కదలకుండా విన్నారు. ఆ అమ్మాయి మరో ప్రశ్న వేసింది: ఎండాకాలం వల్ల వచ్చే హెచ్చుతగ్గునూ, భూమి కక్ష్య వల్ల వచ్చే హెచ్చుతగ్గునూ తేదీలను బట్టి కాక, ఇంకేదైనా పద్ధతిలో విడదీయలేమా?

సమాధానం 1 రాసిన వారి నుంచి

ఆ అమ్మాయికి నా అభినందనలు చెప్పండి మాస్టారూ. ఉత్తరార్ధగోళంలో ఉన్నంతకాలం జూన్ అంటే ఎండాకాలమే. కాన్ఫ్రాంక్, యాంగ్‌యాంగ్ కూడా ఉత్తరాన ఉన్నవే. అందుకే ఆస్ట్రేలియాలోని విక్టోరియా రాష్ట్రంలో స్టావెల్ అనే బంగారు గనిలో, ఒక కిలోమీటరు లోతున, సేబర్ అనే ప్రయోగం కోసం ప్రత్యేకంగా ప్రయోగశాల కట్టారు. అందులో పెట్టేవీ సోడియం అయొడైడ్ స్ఫటికాలే. ఉత్తరాన గ్రాన్ సాసోలో దానికి జంట శోధకం ఉంటుంది. స్టావెల్‌లో జూన్ నెల చలికాలం. హెచ్చుతగ్గు వాతావరణానిదైతే అక్కడ గరిష్ఠం డిసెంబరు, జనవరి వైపు జరగాలి. హంస నక్షత్రమండలం వైపు నుంచి వీచే ఎదురుగాలిదే అయితే అక్కడా జూన్ మొదట్లోనే రావాలి.